శ్రావణ శుక్రవారానికి మారిన పార్సిల్

శివపార్వతి గారికి ఆషాఢమాసం ఆషామాషీ వ్యవహారం కాదు. అందులోనూ కొత్త కోడలు వచ్చిన ఏడాది. ఆ నెల్లాళ్ళూ అత్తాకోడళ్ళు ఒకే గడప దాటకూడదన్నది అందరికీ తెలిసిన ఆచారమే. అందరూ ఏం చేస్తారు? పిల్లని పుట్టింటికి పంపించి ఊరుకుంటారు. ఈవిడ అంతటితో ఊరుకునే రకమా! కోడలు సింధూరి కంకిపాడు వెళ్ళి వారం తిరక్కుండానే ఈవిడ ఆడపడుచుకి ఆపరేషన్ అయింది. చూడ్డానికి ఇద్దరూ వెళ్ళాలి. సింధూరి అప్పటికే పెద్ద గుమ్మంలోంచి ఆస్పత్రి లోపలికి వెళ్ళిందని తెలిసి, శివపార్వతి గారు చుట్టూ తిరిగి ఎమర్జెన్సీ గుమ్మంలోంచి వెళ్ళారు. నర్సు పరిగెత్తుకుంటూ వచ్చి చెయ్యి పట్టుకుంది. "ఏంటమ్మా ఇబ్బంది? ఆయాసమా?" అని అడిగితే, "ఆషాఢం" అని చెప్పి మెట్లెక్కి వెళ్ళిపోయారు. ఈ సంగతి పటమటలో వాళ్ళ వీధి వీధంతటికీ తెలుసు. ఆవిడే చెప్పుకున్నారు.

అలాగని ఆవిడని పాతకాలం అత్తగారు అనుకునేరు, కొట్టేస్తారు. ఆ మాటంటే ఆవిడకి అసలు గిట్టదు. "మా కోడలికి ఉద్యోగమొచ్చింది. చెయ్యమని చెప్పింది నేనే. ఈ రోజుల్లో చదువుకున్న పిల్లని ఇంట్లో కూర్చోబెడతామా ఏంటి?" అని కూరగాయల బండి దగ్గర ఒకసారి, చీరల షాపులో ఒకసారి, శుభలేఖ ఇవ్వడానికి వచ్చిన వాళ్ళ దగ్గర ఇంకోసారి అన్నారు. ఆ చివరివాళ్ళు అడగను కూడా అడగలేదు.

ఉద్యోగం హైదరాబాదులోని ఒక కంపెనీది. ఇంట్లోంచే చెయ్యాలి. ల్యాప్‌టాప్ వాళ్ళే పంపిస్తారు. ఇరవై ఒకటో తారీఖు సోమవారం ఉదయం తొమ్మిదింటికి ఆ ల్యాప్‌టాప్ లోంచే చేరాలి, చేరకపోతే ఆ చోటు జాబితాలో తర్వాతి పేరుకి వెళ్ళిపోతుంది. కాయితంలో అలాగే రాశారు. సింధూరి పెళ్ళయిన కొత్తలో నింపిన అప్లికేషన్ కాబట్టి పటమట ఇంటి అడ్రసు ఇచ్చింది. ఇంట్లో ఎప్పుడూ ఉండేది అత్తగారే కదా అని రెండో ఫోన్ నంబరు ఆవిడది రాసింది.

పన్నెండో తారీఖు శనివారం పదకొండింటికి శివపార్వతి గారి ఫోన్ టింగుమంది. మీ పార్సిల్ ఈ రోజు వస్తోంది, మీకు వీలు కాకపోతే తేదీ, సమయం, స్థలం మార్చుకోండి అని మెసేజీ. అదీ తెలుగులో! ఆవిడ రెండుసార్లు చదువుకున్నారు. కాపురానికొచ్చి ముప్పై ఏళ్ళయింది. గ్యాస్ బండ వాడు గానీ, నీళ్ళ క్యాన్ వాడు గానీ, భర్త వెంకటసుబ్బారావు గారి తరఫున భోజనాల వేళకి దిగబడే చుట్టాలు గానీ, ఎప్పుడైనా 'అమ్మా, మీకెప్పుడు వీలు?' అని అడిగిన పాపాన పోయారా! ముక్కూ మొహం తెలియని కంపెనీ అడుగుతోంది. ఆవిడ కళ్ళజోడు పెట్టుకుని సోఫాలో కుదురుగా కూర్చుని నొక్కారు. తేదీ ఇరవై ఐదు, శుక్రవారం. సమయం ఉదయం. తీసుకునేవారి పేరు ఎవరిదని అడిగితే, ఇంట్లో ఉండేది తనే కాబట్టి తన పేరే కొట్టారు.

"శ్రావణమాసం మొదటి శుక్రవారానికి పెట్టించాను. ఆషాఢంలో కొత్త వస్తువు ఇంట్లోకి తెచ్చుకుంటామా!" అని భర్తతో చెప్పారు.

పేపర్లోంచి తల ఎత్తకుండానే వెంకటసుబ్బారావు గారు, "కంప్యూటరుకి శ్రావణమేంటే?" అన్నారు.

"మీకు తెలీదు, ఊరుకోండి."

ఆయన ఊరుకున్నారు. ముప్పై ఏళ్ళుగా ఆయన చేస్తున్న పని అదే. ఇరవై ఒకటిన చేరాలని సింధూరి అత్తగారికి చెప్పిందా అంటే చెప్పింది. కానీ చేరడానికీ ఆ అట్టపెట్టెకీ సంబంధం ఉందని తనకెలా తెలుస్తుందని తర్వాత ఆవిడే అన్నారు.

గురువారం సాయంత్రం సంగతి బయటపడింది. కంపెనీ పంపించి వారమైనా పార్సిల్ జాడ లేదని సింధూరి ఆరా తీస్తే ఇరవై ఐదుకి మార్చినట్టు కనిపించింది. అప్పటికప్పుడు కంకిపాడుకి మార్చుకుందామని చూస్తే కుదరదంది. తేదీ అయినా ఇల్లయినా ఒక్కసారే మార్చుకోవచ్చట, ఆ ఒక్కసారీ అయిపోయిందట. సింధూరి మొగుడికి ఫోన్ చేసింది. సాత్విక్ తల్లి దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, పార్సిల్ నువ్వు మార్చావా?"

"మంచిరోజుకి మార్చాను. ఏం?"

"ఏమా! సోమవారం లోపల రాకపోతే దాని ఉద్యోగం పోద్దమ్మా!"

శివపార్వతి గారి గుండె గతుక్కుమంది. పైకి మాత్రం, "ఆ ముక్క నాకు ముందే చెప్పొచ్చు గదరా. నేనేమన్నా కాలజ్ఞానం చదివానా?" అన్నారు. రాత్రి కొడుకు పెరుగన్నం తినకుండానే కంచం ముందునుంచి లేచిపోయాడు. మర్నాడు వియ్యపురాలు నాంచారమ్మ గారు ఫోన్ చేసి ఆ మాటా ఈ మాటా అన్నీ మాట్లాడారు గానీ పార్సిల్ మాట ఎత్తలేదు. ఎత్తకపోవడంతోనే శివపార్వతి గారికి అర్థమైపోయింది. కోడలి ఉద్యోగం చెడగొట్టిన అత్తగారని కంకిపాడులో అనుకుంటున్నారు. రేపు వీధిలోనూ అనుకుంటారు. కూరగాయల బండి దగ్గర ఏ మొహం పెట్టుకుని నిలబడాలి!

సాత్విక్ శుక్రవారమంతా ఫోన్ పట్టుకుని కూర్చుంటే చివరికి ఒక దారి దొరికింది. పార్సిల్ ఇంటికి రాదు. ఎనికేపాడులో వాళ్ళ గోడౌన్ ఉంది, అక్కడికే వెళ్ళి తీసుకోవాలి. శనివారం సాయంత్రం ఆరింటి వరకే. ఆదివారం సెలవు. కంపెనీ సరుకు కాబట్టి ఉద్యోగం తాలూకు మనిషి సంతకం పెట్టాలి. తీసుకునేవారి పేరు మార్చారు కాబట్టి ఆ మారిన పేరు గల మనిషీ ఆధార్ కార్డుతో రావాలి. ఇద్దరూ పెట్టెతో కలిసి ఫోటో దిగాలి.

"ఇద్దరూ అంటే?" అన్నారు శివపార్వతి గారు.

"నువ్వూ, సింధూరీ."

"ఆషాఢం పోలేదురా ఇంకా!"

"ఆ ముక్క కస్టమర్ కేర్ వాళ్ళతో చెప్పాను. వాళ్ళకి ఆషాఢం లేదంట."

శనివారం నాలుగున్నరకి తల్లిని బండి మీద ఎక్కించుకుని బయల్దేరాడు సాత్విక్. గోడౌన్‌కి వెళ్ళడానికి పెళ్ళి రిసెప్షన్ నాటి చొక్కా వేసుకుని, సెంటు కొట్టుకున్నాడు. పెళ్ళాన్ని చూసి మూడు వారాలైంది మరి. బెంజ్ సర్కిల్ దగ్గర బళ్ళు కదల్లేదు. ఫ్లైఓవర్ కింద ఇరవై నిమిషాలు పొగ పీల్చి, రామవరప్పాడు రింగు దాటేసరికి జల్లు పట్టుకుంది. గోడౌన్ చేరేటప్పటికి అయిదున్నర దాటింది.

సింధూరి ముందే వచ్చింది. పోరంకి మీదుగా నిడమానూరు రోడ్డు పట్టుకుని స్కూటీ మీద ఒక్కతే వచ్చింది. లోపల కౌంటర్ దగ్గర తడిసిన చున్నీతో నిలబడి, కవర్లో పెట్టుకున్న కాయితాలు చేతిలో పట్టుకుని గోడ గడియారం చూస్తోంది. కౌంటర్లో ఉన్న అమ్మాయి మెడలో డయానా అని పేరున్న కార్డు వేలాడుతోంది.

శివపార్వతి గారు షట్టర్ బయటే ఆగిపోయారు.

"లోపలికి రండి ఆంటీ, తడిసిపోతున్నారు," అంది డయానా.

"వెనక గుమ్మం ఉందా అమ్మా?"

"వెనక షట్టర్ లోడ్ వచ్చినప్పుడే తీస్తారండీ. తాళం మా దగ్గరుండదు. ఎందుకండీ?"

"మాకు ఆషాఢం. మా కోడలు ఈ గుమ్మంలోంచి వెళ్ళింది కదా, నేను ఇందులోంచి రాకూడదు."

డయానా సింధూరి వంక చూసింది. సింధూరి నేల వంక చూసింది. "ఇది గుమ్మం కాదండీ ఆంటీ, షట్టర్," అంది డయానా ఓపిగ్గా.

శివపార్వతి గారు వంగి చూశారు. గడప లేని మాట నిజమే. షట్టర్ దిగే చోట ఇనప పట్టా ఒకటి నేలలోకి దిగేసి ఉంది. అది గడప కిందికి వస్తుందా రాదా? వస్తుందంటే వస్తుంది, రాదంటే రాదు. సిద్ధాంతి గారికి ఫోన్ చేస్తే ఎత్తలేదు. వేలిముద్ర తీసుకునే ట్యాబ్ బయటికి తెస్తే ఇక్కడే వేస్తానన్నారు. ట్యాబ్‌కి గొలుసేసి కౌంటర్‌కి బిగించారంది డయానా. పెట్టెని తెచ్చి షట్టర్ దగ్గర పెట్టమన్నారు. సంతకాలు కాకుండా పెట్టె గీత దాటకూడదంది. ఎవరి ఆచారాలు వాళ్ళవి.

"ఆరింటికి సిస్టమ్ క్లోజైపోద్ది ఆంటీ. ఇప్పుడు అయిదూ నలభై ఎనిమిది," అంది డయానా.

రోడ్డు మీంచి సాత్విక్, "అమ్మా, ప్లీజ్ అమ్మా!" అని అరిచాడు. వాడి కేకలకి లొంగే మనిషి కాదు శివపార్వతి గారు. ఆస్పత్రి సంగతి అంత గొప్పగా చెప్పుకున్నాక ఇవాళ ఈ షట్టర్ దాటితే ఇంక ఆ నోటితో ఏం చెప్పుకోవాలి? ఇంతలో సింధూరి రెండడుగులు ముందుకు వచ్చి, మెల్లగా అంది.

"మీకు అంత ఇబ్బందైతే వద్దులెండి అత్తయ్యగారూ. ఇంకో ఉద్యోగం చూసుకుంటాను."

అరిచినా బాగుండేది, ఏడ్చినా బాగుండేది. ఆ పిల్ల గొంతులో కోపం లేదు. నిజంగానే వదిలేసుకోవడానికి సిద్ధపడిపోయింది, కాయితాలు మళ్ళీ కవర్లో పెట్టేసుకుంటోంది. శివపార్వతి గారికి ఒళ్ళంతా సిగ్గుతో కాలిపోయింది. కొంగు నెత్తి మీంచి తీసి, కుడికాలు ముందు పెట్టి షట్టర్ దాటారు. పిడుగూ పడలేదు, ఏమీ కాలేదు. రోడ్డు మీద సాత్విక్ ఈల వేశాడు.

ఆధార్ కార్డు ఇచ్చారు, వేలిముద్ర వేశారు. సింధూరి సంతకం పెట్టింది. డయానా అట్టపెట్టె తెచ్చి కౌంటర్ మీద పెట్టి, ట్యాబ్ మీద ఇంకేదో తెరిచింది.

"తేదీ మార్చినందుకు కారణం కొట్టాలండీ. అది కొడితేగానీ రిలీజ్ అవదు. ఏం పెట్టమంటారు?"

శివపార్వతి గారు నోరు తెరిచేలోపే సింధూరి అందుకుంది. "ఆషాఢమని పెట్టండి. మా ఇళ్ళలో ఈ నెల కొత్తవేవీ మొదలుపెట్టరు. అత్తయ్యగారు నా మంచికోసమే మార్చారు."

ఈ మాటలో ఎత్తిపొడుపు ఉందేమోనని శివపార్వతి గారు కోడలి మొహంలోకి చూశారు. ఎక్కడా లేదు. ఉంటే ఎంత బాగుండేది! అప్పుడు నాలుగు మాటలని ఇంటికి పోవచ్చు. ఈ పిల్ల నమ్ముతోంది. నమ్మి, పరాయి మనిషి ముందు తనని వెనకేసుకొస్తోంది. అసలు ఆ శనివారం తను పంచాంగం తెరిచిందా? తెరవలేదు. ఆ పేజీలో ఎన్ని తేదీలు చూపించారో వేలితో కిందికి జరుపుకుంటూ పోయి, అన్నిటికంటే చివర ఉన్న తేదీ నొక్కింది. నొక్కాక చూస్తే శుక్రవారం. శుక్రవారమని చూశాక గుర్తొచ్చింది శ్రావణమని. గుర్తొచ్చాక ప్రాణం ఎంత హాయిగా అనిపించిందో ఆవిడకి ఇప్పుడు బాగా తెలిసింది.

"ఆషాఢం కాదమ్మా," అన్నారు డయానాతో. "ముప్పై ఏళ్ళు వండాను. కోడలొచ్చింది, ఇంక వంటిల్లు వదుల్తుందనుకున్నాను. ఈ పెట్టె వచ్చిందంటే ఇది పొద్దున్నే తలుపేసుకుని కూర్చుంటుంది, మళ్ళీ వంటంతా నా నెత్తినే పడుతుందని భయమేసింది. కావాలనే మార్చాను. అదే రాసుకో."

డయానా ట్యాబ్ మీద పైనుంచి కింది దాకా ఓసారి వెతికింది.

"అది లిస్టులో లేదండీ ఆంటీ. ఇంట్లో లేరు, తాళం వేసుంది, అడ్రసు తప్పు, ఇతరములు. అంతే ఉన్నాయి. ఇతరములు పెట్టనా?"

"పెట్టమ్మా."

పెట్టె రిలీజైనట్టు ట్యాబ్ కూసింది. సింధూరి పెట్టె మీద చేతులు ఆనించి చాలాసేపు అట్ట మీది అడ్రసే చూస్తూ నిలబడింది. తిడుతుందని శివపార్వతి గారు ఎదురుచూశారు. తిట్టినా పడాలని నిశ్చయించుకున్నారు కూడా.

"అత్తయ్యగారూ," అంది సింధూరి చివరికి.

"చెప్పమ్మా."

"నాకు వంట రాదండీ."

"అంటే?"

"కాఫీ పెట్టగలను. అంతే. పెళ్ళిచూపుల నాడు మీరు మళ్ళీ అడిగి వేయించుకున్న ముక్కల పులుసు మా అమ్మ చేసిందండీ. ఈ ఉద్యోగం వచ్చినా, రాకపోయినా మా ఇద్దరికీ మీరే వండిపెట్టాలి."

శివపార్వతి గారు గట్టిగా కళ్ళు మూసుకున్నారు. డయానా ట్యాబ్ వాళ్ళ వైపు తిప్పి పైకెత్తింది.

"ఫోటో అండీ. ఇద్దరూ దగ్గరికి జరిగి పెట్టె పట్టుకోండి. ఆంటీ, నవ్వకపోయినా పర్లేదు, కళ్ళు మాత్రం తెరవండి."