ఎలిశబెతు సీరం

గాజుగొట్టాన్ని వెలుగుకెత్తి, ఒక కన్ను మూసి చూసింది ఎలిశబెతు. అడుగున ఆవగింజంత నీటిబొట్టు మిగిలి ఉంది. దాన్ని మళ్ళీ ఎండలో పరిచిన గుడ్డమీద బోర్లించి, పక్కదాన్ని తీసింది. రోజుకు అరవై గొట్టాలు. మొదట సబ్బునీళ్ళు, తర్వాత బావినీళ్ళు మూడుసార్లు, ఆఖరున కాచి వడగట్టిన నీళ్ళు, ఆపైన ఎండ. సముద్రం అక్కడికి అయిదు మైళ్ళే. తూర్పుగాలి తిరిగిందంటే గుడ్డలూ ఆరవు, గాజూ ఆరదు.

ఆ మిషను ఆస్పత్రి పరీక్షల గదిలో ఆమె పదకొండేళ్ళుగా ఆయా. మనిషి పొట్టి, బక్కపలచన. నలభై రెండేళ్ళకే ముందుజుట్టు నెరిసింది. వేళ్ళ చివర్లు ఎప్పుడూ నానబెట్టిన అలసందల్లా ముడతలు పడి ఉంటాయి. ఆస్పత్రికి వచ్చేవాళ్ళలో ఎవరూ ఆమె మొహం గుర్తుపెట్టుకోరు. గుర్తుపెట్టుకోవాలని ఆమె ఏనాడూ అనుకోలేదు కూడా.

గొట్టం తడిగా ఉంటే ఏమవుతుందో ఆమెకు బాగా తెలుసు. రక్తం నిలవబెడితే అడుగున ఎరుపు దిగి, పైన తేట తేలాలి. గొట్టంలో చుక్క నీరున్నా ఎర్రకణాలు పగిలిపోతాయి, తేటంతా ఎర్రబారుతుంది. అప్పుడు రక్తపరీక్షలు చేసే పద్మనాభయ్య ముక్కుమీది కళ్ళద్దాలు నుదుటిమీదికి తోసి, “హీమోలిసిస్! మళ్ళీ గుచ్చాల!” అని వరండా అదిరేట్టు కేకవేస్తాడు. కొత్తలో అదేదో తనను తిట్టే ఇంగ్లీషు తిట్టనుకుంది ఎలిశబెతు. కుళాయి దగ్గర తగాదాలో ఒకసారి పక్కింటామెమీద ప్రయోగించింది కూడా. “పోమ్మే హీమోలిసిస్ దానా!” అంటే అవతలామె బిందె చంకనేసుకుని వెళ్ళిపోయింది.

ఈరోజు మాత్రం ఎలిశబెతు కళ్ళు గొట్టాలమీద సరిగా నిలవడంలేదు. రోడ్డుమీద దుమ్ము లేచినప్పుడల్లా తలెత్తుతోంది. నెల్లూరినుంచి పదిగంటల బస్సులో ఆమె కూతురు కరుణాకుమారి రావాలి. పదిహేడేళ్ళలో కూతురు ఆమెను చూడటానికి ఒక్కసారి కూడా రాలేదు. ఇప్పుడు కూడా తల్లికోసం వస్తున్నది కాదు, రక్తపరీక్షకు వస్తున్నది. పెళ్ళయిన అయిదేళ్ళకు మొదటి కడుపు, అయిదో నెల. ఎలిశబెతు బతిమాలితే డాక్టరమ్మ కార్డు రాసింది. గూడూరు రైల్వేలో కళాసీగా ఉన్న అల్లుడు క్రీస్తురాజు ఆ కార్డు చదువుకుని, బుధవారం తీసుకొస్తానని జవాబు రాశాడు.

ఆ పరీక్ష సంగతి చెప్పాలంటే మూడేళ్ళు వెనక్కి పోవాలి. ఆస్పత్రిలో ఎవరికో అర్జెంటుగా రక్తం కావలసివచ్చి, పద్మనాభయ్య ఆయాలందరి వేళ్ళూ గుచ్చాడు. అందరి రక్తం ఒక దారి, ఎలిశబెతు రక్తం ఒక దారి. ఎవరి కణాలు తెచ్చి ఈమె తేటలో వేసినా అవి గుంపులు గట్టేస్తున్నాయి. అతను గొట్టం పట్టుకుని డాక్టరమ్మ దగ్గరికి పరుగెత్తాడు. డాక్టరమ్మ ఎలిశబెతును పిలిచి కుర్చీలో కూర్చోమంది. ఆయా ఆ గదిలో కుర్చీమీద కూర్చోవడం అదే మొదలు.

“పిల్లలెంతమంది?”

“ఒక కూతురమ్మా. తర్వాత నలుగురు పుట్టి పోయినారు.”

“పసుపుపచ్చగా తిరిగి పోయినారా?”

ఎలిశబెతు కుర్చీ అంచుకు జరిగింది. ఆ సంగతి ఈమెకెవరు చెప్పారు?

డాక్టరమ్మ ఓపిగ్గా చెప్పింది. కొందరి రక్తంలో ఒక గుణం ఉండదు. తండ్రివల్ల బిడ్డకు అది వస్తుంది. మొదటి కానుపులో బిడ్డ రక్తం బొట్టో రెండు బొట్లో తల్లిలో కలుస్తుంది. తల్లి ఒంటికి అది పరాయిది. దొంగ దూరాడనుకుని, పట్టడం నేర్చుకుంటుంది. నేర్చుకునేసరికి మొదటి బిడ్డ బయటపడిపోయి ఉంటుంది. ఆ తర్వాత కడుపులో పడ్డవాళ్ళకు అదే రక్తం ఉంటే తల్లి ఒళ్ళు దాన్ని పట్టి విరిచేస్తుంది. విరిగిన రక్తమే ఆ పసుపు. దాన్ని కూడా హీమోలిసిస్ అనే అంటారు.

తడి గొట్టానికీ తన నలుగురు బిడ్డలకూ ఒకటే మాటా అని ఎలిశబెతు ఆశ్చర్యపోయింది. కాసేపటికి, “మరి మొదటి పిల్ల తప్పేం లేదామ్మా?” అని అడిగింది. “పసిబిడ్డకు తప్పేమిటే పిచ్చిదానా” అంది డాక్టరమ్మ. ఆ సాయంత్రం గొట్టాలు కడుగుతూ ఎలిశబెతు మూడింటిని పగలగొట్టింది.

ఎందుకంటే వాళ్ళింట్లో తప్పంతా ఆ మొదటి పిల్లమీదే పెట్టారు. రెండో బిడ్డ పోయిననాడే అత్త అంకాలమ్మ తేల్చేసింది, “ఇది తోడు నిలవనియ్యని పుటక” అని. మొగుడు, సమాధానం అతని పేరు, ఔననలేదు, కాదనలేదు. ఎలిశబెతు మొదట నమ్మలేదు. మూడో బిడ్డ పోయాక సగం నమ్మింది. ఆఖరుదైన అయిదో కానుపుకు మగపిల్లవాడు పుట్టాడు. ఏడేళ్ళ కరుణ తమ్ముడిని చూడాలని తడిక పక్కకు నెట్టుకుని వచ్చింది. పచ్చిబాలింత లేచి కూర్చుని, “దగ్గరికి రాబాక! నువ్వు చూస్తే చస్తాడు!” అని అరిచింది. పిల్ల చూడలేదు. అయినా వాడు మూడోనాడు పోయాడు. మరుసటి వారమే కరుణను చిట్టమూరు దగ్గర మేనత్త ఇంటికి బండెక్కించారు. అక్కడే పెరిగింది, ఆ మేనత్త కొడుకునే చేసుకుంది. పెళ్ళికి ఎలిశబెతు చుట్టపుచూపుగా వెళ్ళి, గుడిలో ఆఖరి వరసలో కూర్చుని వచ్చింది. అప్పటికే సమాధానం దగ్గుతో పోయాడు.

బస్సు వచ్చింది. ఎలిశబెతు తడిచేతులు కొంగుకు తుడుచుకుని గేటుదాకా నడిచింది. పరుగెత్తాలనిపించింది గాని పరుగెత్తే హక్కు తనకున్నట్టు తోచలేదు.

“వొచ్చినావా కరుణా.”

“ఊ.” కరుణ తండ్రిలాగా పొడగరి. మొహం పాలిపోయి ఉంది. “ఎంతసేపు పడతాది? మూడున్నర బండికి పోవాల.”

“ఎంతోసేపు పట్టదు. కాఫీ ఏమన్నా...”

“నెల్లూర్లో తాగినాం.”

క్రీస్తురాజు మాత్రం, “బాగుండావా అత్తా” అని నవ్వి, సంచీ మెట్లమీద పెట్టి, చెట్టునీడకు పోయాడు. మంచివాడు. ఎప్పుడు పక్కకు తప్పుకోవాలో తెలిసినవాడు.

పరీక్షల గదిలో పద్మనాభయ్య కరుణ వేలు గుచ్చి రక్తం తీసుకున్నాడు. కిరసనాయిలుతో నడిచే ఐసుపెట్టె తెరిచి చిన్న సీసా బయటపెట్టాడు. అదివరకు ఈ పరీక్షమందు మద్రాసునుంచి తెప్పించేవారు. సగం సీసాలు దారిలో ఎండకే పాడయ్యేవి. మూడేళ్ళుగా ఆ బెడద లేదు. నాలుగు నెలలకొకసారి ఎలిశబెతు చెయ్యి చాపుతుంది, పద్మనాభయ్య రక్తం తీసి తేట విడదీసి దాచుకుంటాడు. “అందరి నెత్తుర్లకీ నాలుగు పేచీలుంటాయి. మా ఎలిశబెతుది ఒక్కటే పేచీ. అందుకే పనికొచ్చింది” అంటాడు. ఎన్ని వందల గర్భిణీలకు ఆ తేటతో పరీక్ష చేశాడో ఆమె ఎన్నడూ అడగలేదు.

తెల్లటి పింగాణి పలకను గోరువెచ్చగా కాచి, దానిమీద ఒక చుక్క సీరం, అదే ఎలిశబెతు తేట, ఒక చుక్క కరుణ రక్తం వేసి, పుల్లతో కలిపాడు. పలకను మెల్లగా అటూఇటూ ఊపడం మొదలుపెట్టాడు. రెండు నిమిషాలు. ఎరుపు నున్నగా సిరాలా ఉండిపోతే కరుణది తల్లి రక్తం. అలా అయితే ఆమె నెలనెలా ఇక్కడికి రావాలి, ఇక్కడే పురుడు పోసుకోవాలి, అవసరమైతే వేలూరు పెద్దాస్పత్రికి పోవాలి. రవ్వలా విరిగితే భయం లేదు. భయం లేనప్పుడు, గూడూరునుంచి ఇంతదూరం పడి రావలసిన పనీ లేదు.

ఎలిశబెతు గుమ్మానికి ఆనుకుని నిలబడింది. ప్రభువా, విరగనీ అని ప్రార్థించింది. మనసారానే ప్రార్థించింది. కాని మధ్యలో ఎక్కడో, నున్నగా ఉండిపోతే నెలనెలా నా బిడ్డను చూసుకుంటాను గదా అన్న ఆలోచన దూరింది. అది తనదేనని తెలిసి ఆమెకు ఒళ్ళంతా సిగ్గేసింది. ఎంత తల్లివే నువ్వు అని తనను తానే తిట్టుకుని, మళ్ళీ మొదటినుంచి ప్రార్థన ఎత్తుకుంది.

ఎరుపులో ముందు సన్నటి ఇసక కనిపించింది. తర్వాత బొంబాయిరవ్వ. తర్వాత చూస్తూ ఉండగానే ఎర్రటి పలుకులు ఒకదాన్నొకటి పట్టుకుని గుంపులు గట్టాయి.

“పాజిటివ్!” అన్నాడు పద్మనాభయ్య. “నీకేం దిగుల్లేదు పోమ్మా. మీ అమ్మ బాధ నీకు రాదు. చూసినావా, మీ అమ్మ నెత్తురే చెప్తా ఉండాది.”

“మా అమ్మ నెత్తురా?”

పద్మనాభయ్యకు ఎవరైనా అడిగితే చాలు. పలక చేతిలో ఉండగానే కథంతా చెప్పేశాడు. మొదటి బిడ్డ రక్తం బొట్టు తల్లిలో కలవడం, తల్లి ఒళ్ళు పగబట్టడం నేర్చుకోవడం, ఒక్కటీ విడిచిపెట్టలేదు. ఎలిశబెతు వద్దని సైగచేస్తూనే ఉంది. అతను కళ్ళద్దాలు నుదుటిమీద పెట్టుకున్నాడు, సైగలేం కనిపిస్తాయి?

డాక్టరమ్మ కూడా చూసి, అంతా బాగుందని, ఇకమీదట గూడూరులోనే చూపించుకోమని చెప్పింది. “ఇంతదూరం శ్రమపడి రావద్దు” అంది దయగా.

నెల్లూరు బస్సుకు ఇంకా అరగంట ఉంది. క్రీస్తురాజు టీ తాగి వస్తానని ఎదురు అంగట్లోకి వెళ్ళాడు. రోడ్డుపక్క పాక నీడలో తల్లీకూతుళ్ళు ఒకే బల్లమీద, మధ్యన సంచీ పెట్టుకుని కూర్చున్నారు.

“ఆయన చెప్పింది నిజమేనా?” అంది కరుణ రోడ్డుకేసి చూస్తూ. “నా నెత్తురు కలిసినాకనే నీ నెత్తురు అట్టా తయారైందంట.”

“నిజమే.”

“అయితే నాయనమ్మ అన్నదీ నిజమే. నా వల్లనే పోయినారు వాళ్ళు.”

మూడేళ్ళుగా ఎలిశబెతు దాచుకున్న మాట ఒకటుంది, నీ తప్పేం లేదు బిడ్డా అని. గొట్టాలు కడుగుతూ ఎన్నిసార్లు చెప్పుకుందో. తీరా నోటికొచ్చేసరికి అది చాలదనిపించింది. కడుపు చించుకుంటే కాళ్ళమీద పడుతుందంటారు. పడనీ అనుకుంది.

“నీ నెత్తురు బొట్టు నాలో కలిసిన మాట నిజం. కానుపన్నాక కలవకుండా ఎట్టుంటాది? నువ్వు చేసింది పుట్టడం ఒక్కటే. దాన్ని పట్టుకుని పగబట్టింది నా నెత్తురు. నెత్తురుకేం తెలుసు కరుణా, అది గుడ్డిది. ఎవురిని చంపతా ఉండాదో దానికి తెలియదు.” ఎలిశబెతు బల్లమీద కూతురివైపు తిరిగింది. “నాకు తెలుసు. నువ్వు నా బిడ్డవని తెలిసే ఆ మాటన్నాను. తెలిసే బండెక్కించినాను. దానికి ఏ డాక్టరమ్మా పేరు చెప్పలేదు నాకు.”

కరుణ కొంగు చివర వేలికి చుట్టి, విప్పి, మళ్ళీ చుట్టింది.

“నేను ఎవురింట్లోనూ పసిబిడ్డల్ని చూడను,” అంది చివరికి. “బారసాలకు పిలిస్తే బయటనే కూర్చుంటా. ఆ మాట ఇప్పటికీ చెవిలో ఉంటాది. ఈ బిడ్డ పుట్టినాక చూడాల్నా వొద్దా అని... మా ఆయనకు కూడా చెప్పలేదు.”

ఎలిశబెతుకు ప్రాణం చివుక్కుమంది. తన నోటినుంచి వచ్చిన ఒక్క మాట పదిహేడేళ్ళుగా ఆ పిల్ల ఒంట్లో తిరుగుతోందన్నమాట. సంచీ పక్కకు జరిపి కూతురి చెయ్యి పట్టుకుంది. వేలికి గుచ్చినచోట చిన్న నల్లచుక్క ఉంది. కరుణ చెయ్యి లాక్కోలేదు, తల్లి చేతిని పట్టుకోనూలేదు.

“చూడు. కండ్లారా చూడు. పుట్టంగానే ముందు నువ్వే చూడు. నేను అబద్ధం చెప్పినాను తల్లా, ఆపొద్దు చెప్పింది అబద్ధం. ఇప్పుడు చెప్పేది నిజం.”

బస్సు దుమ్ము లేపుకుంటూ వచ్చి నిలిచింది. క్రీస్తురాజు పరుగున వచ్చి సంచీ అందుకున్నాడు. కరుణ ఎక్కి కిటికీ పక్కన కూర్చుంది. ఎలిశబెతు కిందనే, చక్రం పక్కన నిలబడింది. కండక్టరు విజిలు ఊదబోతుండగా కరుణ తల బయటికి పెట్టింది.

“కడాకరివాడికి పేరు పెట్టినారా?”

“దావీదు. నేను ఒక్కదాన్నే పిల్చుకున్నా, ఆ మూడుదినాలు.”

కరుణ పెదవులు ఆ పేరు పలికి చూసుకున్నట్టు కదిలాయి. “వొస్తా” అంది. పోయేటప్పుడు మనవాళ్ళెవరైనా వస్తాననే అంటారు. దాన్ని పట్టుకుని ఆశ పెంచుకోకూడదు. బస్సు మలుపు తిరిగేదాకా ఎలిశబెతు పెంచుకుంటూనే నిలబడింది.

పరీక్షల గదికి తిరిగివచ్చేసరికి పద్మనాభయ్య ఇంటికి పోతూ, పొద్దున్నకు అన్నీ కడిగి పెట్టమని చెప్పాడు. ఆమె గొట్టాలన్నీ కడిగింది. సూదులు ఉడకబెట్టింది. బల్లలు తుడిచింది. తొట్టి ఖాళీ అయింది. కడగవలసింది ఇంకొకటి చేతిలోకి తీసుకుని, కుళాయి కింద పెట్టబోయి, ఆగి, కుళాయి కట్టేసింది. కొంగుతో కళ్ళు ఒత్తుకుని, గది తాళం వేసి, క్వార్టర్ల వైపు నడిచింది.

కిటికీ అరుగుమీద తెల్లటి పింగాణి పలక ఉంది, దాని నడుమ రూపాయంత మేర తల్లి తేటా కూతురి నెత్తురూ ఒకదాన్నొకటి పట్టుకుని ఎండిపోయి ఉన్నాయి.