లావా బండల మీద ఒంటరి మనిషి

సవాయీ దీవిలో ఒంటరితనం గురించి సినిమా తీయాలనుకుంది లుపెసినా. ఆక్లండ్‌లో సినిమా చదువు చదివొచ్చిన పిల్ల. చిన్న ప్రయోగాత్మక చిత్రం: కథ ఉండదు, మాటలుండవు, ఖాళీ ఆకాశం కింద ఒకే ఒక్క మనిషి. ఆ మనిషిగా మేనమామ పెలెనాటోను ఒప్పించింది.

ఊళ్లో కుదరలేదు. మామయ్య సముద్రపొడ్డున ఒక్కడే కూర్చోగానే పక్కింటావిడ వచ్చి, "ఎవరేమన్నారయ్యా నిన్ను?" అంటూ చతికిలబడింది. వెనకే ఆమె చెల్లెలు కొబ్బరిపాలలో ఉడికించిన చామాకులు పట్టుకొచ్చింది. మామయ్య కెమెరా సంగతి మరిచి తినేశాడు.

మర్నాడు నల్లటి లావా బండలు తప్ప ఏమీ లేని చోటికి తీసుకెళ్లింది.

"నేను కట్ అనేదాకా నోరు విప్పకు మామయ్యా. నీకు లోకంలో ఎవరూ లేరు."

"ఆకలేస్తే?"

"అప్పుడూ అంతే."

ఆయన్ని రోడ్డు పక్కన నిలబెట్టి, తాను దూరంగా గుట్టెక్కి కెమెరా పెట్టుకుంది. షాట్ బ్రహ్మాండంగా మొదలైంది. ఇంతలో సంతకెళ్లే బస్సొచ్చి ఆగింది.

"ఏం పెద్దాయనా, దారి తప్పావా?" అనడిగాడు డ్రైవర్ అవుకుసో.

మామయ్య పలకలేదు.

"ఎండదెబ్బకి మాట పడిపోయినట్టుంది పాపం," అంది లోపలినుంచి భారీకాయపు అవ్వ ఒకావిడ. "ఎక్కించండి, నా ఒళ్లో కూర్చుంటాడు."

నలుగురు దిగి ఆయన్ని ఎత్తుకుపోయారు. లుపెసినా కట్, కట్ అని అరుస్తూ గుట్ట దిగేసరికి బస్సు పాటల హోరుతో మలుపు తిరిగిపోయింది.

నీళ్ల సీసా మామయ్య సంచిలో ఉండిపోయింది. ముందు కోపమొచ్చింది, తర్వాత దాహం, ఆపైన ఏడుపు. చివరికి ఒక బల్లిని పలకరించింది. అది కూడా వెళ్లిపోయింది.

పొద్దు వాలాక బస్సు తిరిగొచ్చింది. మామయ్య అదే ఒళ్లో, చేతిలో అనాసపండుతో, పెదవులు బిగించుకుని ఉన్నాడు. దారిపొడుగునా ఎన్ని ప్రార్థనలు చేసినా ఆయన నోరు పెగల్లేదట.

"కట్ మామయ్యా," అంది నీరసంగా.

"హమ్మయ్య. సంతలో ఎంత బేరమాడాలనిపించిందో తెలుసా నీకు," అన్నాడాయన.

బస్సంతా కొయ్యబారిపోయింది. భారీకాయపు అవ్వ కిందికి దిగి లుపెసినా చేతులు పట్టుకుంది.

"ఒక్క ముక్కతో నయం చేశావు తల్లీ. మా మనవడికి నత్తి, వాడికీ ఆ మాట చెప్పవూ?"

"అది మంత్రం కాదండీ, సినిమాలో..."

"గొప్పవాళ్లంతా ఇలాగే కాదంటారు," అన్నాడు అవుకుసో.

సినిమా ఇంకా పూర్తికాలేదు. లుపెసినాకు ఖాళీ దొరకడంలేదు. పొద్దున్నే వాకిట్లో జనం. మామయ్య వాళ్లకు చాపలు పరిచి, ఎవరు ముందొచ్చారో చూసి లోపలికి పంపుతుంటాడు.