కత్తిరించిన పేరు

హోసూరు మత్తిగిరిలో జగన్నాథ్ మందుల అంగడి తెల్లారి ఏడింటికే తెరుస్తారు. తెరిచిన నిమిషం నుంచి అక్కడ వినిపించేది మాటలకంటే కత్తెర చప్పుడు. షిఫ్టు బస్సు వచ్చేలోగా జనం బల్ల ముందు నిలబడి రంగులు అడుగుతారు. "పసుపుది రెండియ్యప్పా." "ఎర్రది నాలుగు." "తెల్లది, గుండుగా ఉండేది కాదు, పొడుగ్గా ఉండేది." రెండంగళ్ల అవతల చీరల దుకాణం ఉంది. అక్కడ కూడా ఇన్ని రంగులు అడగరు.

జగన్నాథ్ ఎదురు ప్రశ్న వేసే మనిషి కాదు. మాత్రల షీటు తీస్తాడు, కత్తెర వేస్తాడు, ముక్క చేతిలో పెడతాడు. పేరు, గడువు తేదీ, నంబరు ఉన్న కొస అంగడిలోనే మిగలాలి. అది వృత్తి మర్యాద. అందుకని పేరున్న వైపు ఆయన దగ్గర, పేరు లేని వైపు మన దగ్గర. పాఠకులారా, ఇది నవ్వొచ్చే సంగతని మొదలుపెట్టాను గానీ, ఆ నవ్వు చివరిదాకా తోడొస్తుందని మాట ఇవ్వలేను.

ఆ బల్ల ముందుకు రోజూ వచ్చేవాళ్లలో వెంకటమ్మ ఒకతె. యాభై నాలుగేళ్లు. డెంకణికోట దారిలో ఒక రోజాల షెడ్డులో పని. కోసిన పూలను కాడ పొడుగు చూసి వేరుచేసి కట్టలు కట్టాలి. రోజూ రోజాలే, రోజంతా రోజాలే. కూర్చుని చేసే పని కాదు. జనవరి వచ్చిందంటే ఫిబ్రవరి ప్రేమికుల రోజు కోసం పెట్టెలు పెట్టెలుగా ఎగుమతి. ఎక్కడో ఎవరికో ప్రేమ మొదలవడానికి ఇక్కడ ఈమె మోకాళ్లు అరిగిపోవాలి.

ఇంట్లో బిస్కెట్ల డబ్బా ఒకటుంది. బిస్కెట్లు అయిపోయి ఏళ్లయింది. ఇప్పుడందులో మూడు రకాల మాత్రల ముక్కలు. పసుపుది మోకాలి మాత్ర, ఎర్రది నడుం మాత్ర, తెల్లది బుజం మాత్ర. ఒంట్లో మూడు చోట్ల నొప్పి, డబ్బాలో మూడు రంగులు. ఆ ఇంట్లో ఎవరికీ ఇందులో తప్పు కనపడలేదు.

మోకాలి మాత్ర ఆమె తనే కొనుక్కునేది. నడుం మాత్ర కొడుకు దేవేంద్ర తెచ్చేవాడు. అతను ఫ్యాక్టరీలో ఫిట్టరు. పక్క మిషను మీద పనిచేసే స్నేహితుడు తన తల్లికి అదే వేస్తున్నానని చెప్పాడట. బుజం మాత్ర భర్త కేశవప్ప తెచ్చేవాడు. అందరూ జగన్నాథ్ అంగట్లోనే, ఒకరు పొద్దున, ఒకరు షిఫ్టు దిగి, ఒకరు సాయంత్రం నడకకు పోయినప్పుడు. ముగ్గురిదీ ప్రేమే. ప్రేమికుల రోజు ఆ ఇంట్లో రోజుకు మూడుసార్లు జరిగేది.

కేశవప్ప సంగతి కాస్త చెప్పాలి. మత్తిగిరి పశువుల ఫారంలో ముప్పై రెండేళ్లు డాక్టరు పక్కన సహాయకుడిగా చేసి రిటైరయినాడు. ఆయన పనిచేసిన డాక్టరు ఒక పద్ధతి పెట్టాడు. సూదిలోకి మందు ఎక్కించే ముందు సీసా మీది పేరు గట్టిగా చదవాలి. డాక్టరు "ఊ" అనాలి. మళ్లీ ఒకసారి చదివి, అప్పుడు ఎక్కించాలి. ముప్పై రెండేళ్లలో కేశవప్ప చదవకుండా ఒక్క దూడకు కూడా సూది వెయ్యలేదు. అలవాటు ఇంటికి కూడా వచ్చింది. పప్పు ప్యాకెట్టు, సబ్బు కాగితం, కేలండరు, ఏది చేతికందినా గట్టిగా చదివేవాడు.

"ఉప్పు పొట్లం మీద ఉప్పని చదివితే అది తియ్యగా ఔతుందా ఏమయ్యా?" అని వెంకటమ్మ దెప్పేది.

"నీకేం తెలుసే. చదవకుండా చేత్తో ముట్టేది పాపం."

అంతగా చదివే మనిషి పెళ్లాం మింగే మాత్రను మాత్రం చదవలేదు. చదవడానికి ఆ ముక్క మీద ఏముంది? వెండి రంగు రేకు, నాలుగు గుంటలు.

ఫిబ్రవరి మొదటి వారంలో వెంకటమ్మ పాదాలు ఉబ్బాయి. చెప్పులు పట్టలేదు. కొడుకు చెప్పులు వేసుకుని పనికి పోయింది. తోటివాళ్లు నవ్వితే తనూ నవ్వింది.

"నొప్పి ఉందా అమ్మా?" అని అడిగాడు దేవేంద్ర.

"నొప్పి లేదు నాయనా. ఏమీ లేదు. కాళ్లు నావి కానట్టు ఉండాయి."

"వాపు కదా. ఈ మాత్ర వాపుకూ నొప్పికీ రెండిటికీ అని అంగట్లో చెప్పినారు. ఇంకొకటి వెయ్యి."

ఆమె వేసుకుంది. ఏ మందు వల్ల వాపు వచ్చిందో ఆ మందునే వాపుకు వేసుకుంది. ఆ వారమంతా ఆమె పెద్దగా మాట్లాడలేదు. తినాలని లేదంది, తాగాలని లేదంది. రెండు రోజులు ఒంటేలు సరిగా రాలేదని ఎవరికీ చెప్పలేదు. అది చెప్పుకునే మాట కాదని ఆమె లెక్క. మూడో రోజు షెడ్డులో పూల పెట్టె మీదికి వాలిపోయింది.

కృష్ణగిరి పెద్దాసుపత్రిలో రక్తం తీశారు. డాక్టరు స్మిత ఆ కాగితం చూసి, ఒకసారి కళ్లద్దాలు తీసి తుడుచుకుని మళ్లీ చూసింది.

"కిడ్నీలు రెండూ దాదాపు పని ఆపేసినాయి. ఇంట్లో ఏమేం మాత్రలు వేస్తా ఉన్నారు?"

దేవేంద్ర బిస్కెట్ల డబ్బా తీసి బల్ల మీద పెట్టాడు. ఆమె ఒక్కో ముక్కా తిప్పి చూసింది. వెనక తిప్పి చూసింది. వెలుతురుకు పట్టి చూసింది.

"పేరేది?"

"ఇది పసుపుది డాక్టరమ్మా. మోకాలికి. ఇది..."

"నేను రంగడగలేదప్పా, పేరడిగినాను. అన్నీ ఇప్పుడే ఆపేస్తా ఉన్నాను. అయినా లోపలికి ఏం పోయిందో, ఎంత పోయిందో నాకు తెలియాల. సాయంత్రంలోపల కనుక్కొని రండి."

కేశవప్ప లేచాడు. ఎవరూ పొమ్మనలేదు. మూడు ముక్కలు జేబులో వేసుకుని హోసూరు బస్సెక్కాడు. దారిలో చూడడానికి ఏమీ లేనట్టు కూర్చున్నాడు. శూలగిరి వచ్చింది, పోయింది. కండక్టరు రెండుసార్లు అడిగితేగానీ టిక్కెట్టు తీసుకోలేదు.

జగన్నాథ్ అంగట్లో ఎప్పటిలాగే జనం. కేశవప్ప మూడు ముక్కలు బల్ల మీద వరసగా పెట్టాడు.

"వీటి పూర్తి షీట్లు తియ్యి."

"ఏమప్పా, ఏమైనా పనిచెయ్యలేదా?"

"చేసినాయి. తియ్యి."

జగన్నాథ్ మూడు షీట్లు తీశాడు. మూడింటి మీద పెద్దక్షరాల్లో మూడు కంపెనీల మూడు సొగసైన పేర్లు. కింద చీమకాళ్లంత అక్షరాలు.

"ఆ చిన్నవి చదువు. గట్టిగా చదువు."

జగన్నాథ్ కళ్లు చిట్లించాడు. "డై... క్లో... ఫెనాక్."

కేశవప్ప నోట్లోంచి "ఊ" అని వచ్చింది. అలవాటు. తరవాతి షీటు చూపించాడు.

"ఇది కూడా డైక్లోఫెనాకే. ఇది... ఎసిక్లోఫెనాక్." జగన్నాథ్ తలెత్తాడు. "ఏమప్పా, ఈ మూడూ ఒకింటికేనా పోతా ఉండేది? నాకెట్ల తెలుస్తుంది? మీ ముగ్గురూ మూడు వేళల్లో వచ్చినారు."

"వచ్చింది ముగ్గురం. మింగింది ఒకత్తే."

కత్తెర బల్ల మీద ఉంది.

"ఆ మొదటి పేరు నాకు తెలుసు జగన్నాథ్," అన్నాడు కేశవప్ప. గొంతులో కోపం లేదు. ఏమీ లేదు. "మా ఫారం గోడకు కాగితం అంటించినారు. ఇది వేసిన ఆవు చచ్చిపోతే దాన్ని తిన్న రాబందులు చస్తా ఉండాయి, వాటి కిడ్నీలు పోతా ఉండాయి, కాబట్టి పశువులకు ఈ మందు వెయ్యొద్దని. బీరువాలో ఉండే సీసాలు నేనే ఏరి తీసేసినాను. ఒక్కొక్కటే పేరు చదివి తీసేసినాను."

"మనుషులకు వెయ్యొచ్చప్పా, అది మంచి మందే..."

"మంచిదే. నేను కాదన్లేదు. ఒకటేస్తే మందే."

జగన్నాథ్ ఒక కాగితం తీసి మూడు మందుల చిన్నక్షరాల పేర్లు, ఎన్ని మిల్లీగ్రాములో రాసి ఇచ్చాడు.

సాయంత్రం డాక్టరు స్మిత ఆ కాగితం చదివి, తండ్రినీ కొడుకునూ కూర్చోమంది.

"పెద్దక్షరాల్లో ఉండేది కంపెనీ పెట్టుకునే ముద్దుపేరు. ఎవరిష్టం వాళ్లది. కింద చిన్నగా ఉండేది మందు అసలు పేరు, దాన్నే జనరిక్ పేరంటారు. జనరిక్ అంటే చవక మందని చానామంది అనుకుంటారు, అదికాదు. ఏ కంపెనీ చేసినా మారని పేరు. డై అంటే రెండు. ఈ డైక్లోఫెనాక్‌లో రెండు క్లోరిన్లు ఉండాయి, దానికే డైక్లో. మిగతాది అది ఏ జాతి ఆమ్లమో చెప్తుంది. పొడుగు రసాయనం పేరును ముక్కలు తీసి కుట్టినారు. చివర ఫెనాక్ అని ఉంటే ఒక కుటుంబం అనుకోండి. మన ఇంటిపేరు ముందొస్తుంది, దీనిది వెనకొస్తుంది, అంతే తేడా."

"అయితే మేం..." దేవేంద్ర ఆగిపోయాడు.

"ఒకే ఇంటివాళ్లను మూడు వాకిళ్లలోంచి లోపలికి పంపినారు. నొప్పికి తక్కువ మోతాదు, తక్కువ రోజులు, అన్నం తిన్నాక, డాక్టరు చెప్తే వేసుకునే మందు ఇది. ఒకటి వేస్తా ఉన్నప్పుడు ఆ కుటుంబంలో ఇంకొకటి వెయ్యకూడదు. మీ అమ్మ రోజుకు మూడు పూటలా నెల పైన మింగింది. నీళ్లు కూడా తాగకుండా నిలబడి పనిచేసింది."

"బతుకుతుందా డాక్టరమ్మా?"

"బతికించేదానికే కదా చూస్తా ఉన్నాం. కిడ్నీ ఎంత తిరిగొస్తుందో ఇప్పుడు చెప్పలేను."

ఆ నెలలో వెంకటమ్మకు ఐదుసార్లు మిషను మీద రక్తం శుద్ధి చేశారు. ఐదోసారి తరవాత ఒంటేలు రావడం మొదలైంది. ఆ మాట నర్సు వచ్చి చెప్తే, తండ్రీకొడుకులు ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. ఇద్దరూ నేలనే చూశారు. కిడ్నీలు సగానికి తిరిగొచ్చాయి. మిగిలిన సగం రాదు. ఉప్పు తగ్గించాలి, రోజాల షెడ్డు మానాలి, డాక్టరును అడక్కుండా నొప్పి మాత్ర ముట్టకూడదు. ప్రేమికుల రోజు ఎప్పుడో అయిపోయింది. పూలు ఎవరికి చేరాలో వాళ్లకు చేరే ఉంటాయి.

ఇంటికొచ్చిన రెండో రోజు ఆమె మోకాలు పట్టుకుని కూర్చుంది. కేశవప్ప వేడినీళ్ల సంచి తెచ్చి మోకాలి మీద పెట్టాడు.

"నొప్పొచ్చిందయ్యా," అంది, దూరపు చుట్టం వచ్చినట్టు.

"చానా ఉందా?"

"ఉంది. కాళ్లు మళ్లీ నావే అనిపిస్తా ఉంది." సంచిని మోకాలికి అదుముకుని అంది: "ఆ ఉప్పు పొట్లం యాడుంది? ఇంట్లో ఉండేవన్నీ చదువు. నేనింక దెప్పను."

ఆయన చదవలేదు. నీళ్ల సంచి ఇంకో మోకాలి మీదికి మార్చాడు.

మర్నాడు పొద్దున ఏడింటికి కేశవప్ప మందుల అంగడికి పోయాడు. కొనడానికి కాదు. బల్ల పక్కన నిలబడ్డాడు. రోజాల షెడ్డుకు పోయే ఒక అమ్మాయి వచ్చి "ఎర్రది రెండియ్యన్నా" అంది. జగన్నాథ్ షీటు తీశాడు, కత్తెర తీశాడు. కేశవప్పను చూశాడు. కత్తెర కింద పెట్టాడు.

"డైక్లోఫెనాక్," అని గట్టిగా చదివాడు.

"ఊ," అన్నాడు కేశవప్ప.

"డైక్లోఫెనాక్," అని మళ్లీ చదివి, రెండు మాత్రలు కత్తిరించి, కాగితం కవరు మీద ఆ పేరు తెలుగులో రాసి, చేతిలోనే పట్టుకున్నాడు. "ఇంట్లో ఈ పేరుది గానీ, చివర ఫెనాక్ అని ఉండేది గానీ ఇంకేదైనా ఉందా అమ్మా? డాక్టరు చెప్పినారా? లేకపోతే చెప్పించుకొని రా, అప్పుడిస్తా."

ఆ అమ్మాయి విసుక్కుంది. "ఏమన్నా, బస్సొస్తా ఉంది. రెండు మాత్రలకు పరీక్ష పెడతా ఉండావు!"

"పెట్టనీ తల్లీ," అన్నాడు కేశవప్ప. అంగట్లో ఉన్నవాళ్లంతా ఆయన వైపు తిరిగారు. ఆయన ఉపన్యాసాలు ఇచ్చే మనిషి కాదు. పశువుల మధ్య బతికినవాడు, గొంతు పెంచడం తెలియదు. "ముప్పై రెండేళ్లు ఆవుకు సూది వేసే ముందు పేరు రెండుసార్లు చదివినాను. నా పెళ్లానికి మాత్ర ఇచ్చే ముందు ఒక్కసారి కూడా చదవలేదు. రంగు చూసి ఇచ్చినాను. కడుపులోకి పోయినాక రంగుండదు తల్లీ, పేరే ఉంటుంది. ఆ పేరు చదివించుకొని, ఇంట్లో ఆ పేరుదో ఆ కుటుంబానిదో ఇంకొకటి లేదని చూసుకొని, అప్పుడు మింగు."