రెండో అంకంలో ఏముంది?

నా నాటకంలో మధ్య అంకాన్ని దర్శకుడైన మా బావ ఎర్ర పెన్సిల్‌తో కొట్టేశాడు. పదకొండు పేజీలు. రాసిన నన్ను మాటవరసకైనా అడగలేదు. పోటీలో గంటన్నర దాటితే మార్కులు కోస్తారట, అందుకట!

"మధ్యలో ఏముందే? రాజుని చంపడం ముందే అయిపోయింది. సేనాపతి చావడం చివర్లో ఉంది. మిగతాదంతా సాగదీత," అన్నాడు.

నాకు ఒళ్ళు మండిపోయింది. సింహాసనం మీద ఆశతో సేనాపతి రాజుని చంపేది మొదటి అంకంలో. అప్పటికింకా వాడి చేతులు వణుకుతూనే ఉంటాయి. రెండో అంకంలో చిన్ననాటి స్నేహితుడు వచ్చి, "ఇక్కడితో ఆపరా, నీ పక్కన నేనుంటా" అంటాడు. వెనక్కి తిరగడానికి వాడికున్న ఆఖరి దారి అదే. ఆ స్నేహితుణ్ణే చంపిస్తాడు, ఈసారి తొణకడు. అది తీసేశాక చివర్లో ఎవడు చస్తే చూసేవాళ్ళకేం?

బావకి ఇది తెలియక కాదు. ఆ స్నేహితుడి వేషం మా మావయ్యది. ఈ నాటక సమాజం పెట్టింది ఆయనే. తెర లాగడానికి వచ్చిన బావకి ఒత్తులు పలకడం దగ్గర్నుంచి నేర్పిందీ ఆయనే. ఇప్పుడు డెబ్బై రెండేళ్ళు, మోకాళ్ళు సహకరించడం లేదు, ఇదే ఆఖరి వేషమని చెప్పేశాడు కూడా. రిహార్సల్లో ఆయన మాట్లాడుతుంటే మేకప్ మనిషి పని మానేసి కళ్ళు తుడుచుకునేవాడు. ఎదురుగా సేనాపతి వేషంలో ఉన్న బావని ఎవరూ పట్టించుకునేవారు కాదు. కడుపుమంట అక్కడ! ఏరు దాటి తెప్ప తగలేయడమంటే ఇదే.

"అయితే మావయ్యకి నువ్వే చెప్పు," అన్నాను.

"నువ్వు చెప్పవే, నీ మాటైతే వింటాడు."

చెప్పాను. అదీ నా ఘనకార్యం. మావయ్య పెట్టుడు గడ్డాన్ని మడిచి పెట్టెలో పెట్టేసి, "సరేలేమ్మా," అన్నాడు.

పోటీ రోజు మధ్యాహ్నం ప్రాంప్టింగ్‌కి రాతప్రతి పట్టుకుని తెర పక్కన నిలబడ్డాను. నా వెనక స్టూలు మీద మావయ్య. చివరి అంకంలో ఒంటరిగా మిగిలిన సేనాపతి "నాకంటూ..." అని ఆగిపోయాడు. తర్వాతి మాట రాలేదు. ఓరకంట నా వైపు చూశాడు. నేను ప్రతి మూసేశాను. పోనీ, పరువు పోనీ అనుకున్నాను. అందుకు ఇప్పటికీ సిగ్గుపడను.

మావయ్య ముందుకు వంగి మెల్లగా అందించాడు. "నాకంటూ ఒక్క మనిషినైనా మిగుల్చుకోలేదు."

బావ అందుకుని గొంతు పగిలేలా చెప్పాడు. హాలంతా చప్పట్లు.

తెర పడగానే బావ, మావయ్య కూర్చున్న స్టూలుని రాసుకుంటూ వచ్చి నా భుజం తట్టాడు. "బతికించావే మరదలా! సమయానికి అందించావు."

వద్దన్నట్టు మావయ్య తల ఊపాడు. నేను ఆగలేదు. "అది నా గొంతా బావా?" అని అరిచాను.

"మరెవరిది?" అన్నాడు. నిజంగానే తెలియక అడిగాడు.