నాలుగంగుళాల లోతు

విప్పిన కొద్దీ మళ్ళీ చుట్టుకుపోతోంది ఆ నల్లటి ప్లాస్టిక్ పట్టీ. మల్లయ్య ఒక కొసను మోకాలి కింద అదిమి, రెండో కొస మీద ఇటుక పెట్టాడు. ఎండ తగిలి మెత్తబడితే గానీ అది మాట వినదు. ఆ ఎండేమో మెట్రో వంతెన దాటి పదకొండింటికి గానీ ఇటు దిగదు. ఈలోగా గాడి తవ్వాలి. ఒక పక్క ఆఫీసు లాన్, ఇంకో పక్క నూరువరహాల పూలమడి, నడుమ సన్నటి గాడి. నాలుగంగుళాల లోతు ఉండాలన్నారు.

ఆ గీత దగ్గరే అతనికి పద్దెనిమిదేళ్లు గడిచాయి. గడ్డికి బుద్ధి ఉండదు కదా! నేల కిందనుంచి వేళ్లు చాపి మడిలోకి చొరబడుతూనే ఉంటుంది. వారం వారం గోనెసంచి మడతమీద మోకాళ్లూని, కత్తితో అంచు కోసి, దాన్ని మళ్ళీ దాని హద్దులోకి నెట్టడమే మల్లయ్య ఉద్యోగం. అమీర్‌పేట నుంచి పంజాగుట్ట పోయే దారిలో అన్ని అద్దాల ఆఫీసులున్నా, జనం ఆగి ఫోటోలు దిగేది ఈ పచ్చిక ముందే. ఫోటోలో మల్లయ్య ఉండడనుకోండి, అది వేరే సంగతి.

ఇప్పుడీ పట్టీ వేస్తే గడ్డి దాటదు. గడ్డి దాటకపోతే మల్లయ్యెందుకు? నెలకోసారి మిషన్‌తో వచ్చి కోసిపోయేవాళ్ళు చాలు. ఒకటో తారీఖు నుంచి వాళ్ళే వస్తారని మేనేజరు కేదార్ మొన్ననే చెప్పేశాడు. ఉద్యోగంతో పాటు పంపుహౌస్ వెనక గదీ పోతుంది. ఆ గదిలోనే అతని భార్య సత్తవ్వ చుట్టుపక్కల హాస్టళ్ల ఆడపిల్లల బట్టలు కుట్టుకుంటోంది. తన గొయ్యి తనచేతే తవ్విస్తున్నారని మల్లయ్యకు తెలుసు. కాదంటే ఇవాళే పొమ్మంటారు, అదీ తెలుసు.

ఆవరణ ఊడ్చే కమలవ్వ చీపురు గోడకానించి పక్కన కూలబడింది.

"మల్లన్నా, గింత లోతెందుకే? రెండంగుళాలు తవ్వి మన్ను కప్పు. మీదికెళ్లి చూస్తె ఒక్కతీరే ఉంటది. వానలు పడ్డయంటె గడ్డి కిందినుంచి దూరి వస్తది. అప్పుడు మల్ల నిన్నే పిలుస్తరు."

"పిలుస్తరంటవా?"

"పిలువక ఏంజేస్తరు? గీ గడ్డి నీ మాట తప్ప ఎవరి మాట ఇంటది?"

మునిగేవాడికి ఆ మాట చాలు. ఒంటిగంటకల్లా గోడవైపు పదడుగులు రెండంగుళాల లోతులోనే పాతేశాడు. నిజమే, పైకి వెంట్రుకంత తేడా లేదు. అన్నానికి కూర్చుని మాత్రం ముద్ద కలుపుతూ గోడవైపే చూస్తుండిపోయాడు.

"ఏమైందయ్యా?" అంది సత్తవ్వ, సూదిలో దారం ఎక్కిస్తూ.

"ఏం కాలే."

సిరిసిల్లలో మల్లయ్య నాయిన మగ్గం ముందు కూర్చునే రోజుల్లో, చీర అంచున ఒక్క పోగు తప్పినా మూరెడు బట్ట విప్పేసి మళ్ళీ నేసేవాడు. కొనేవాడికి కనబడదు నాయినా అంటే వినేవాడు కాదు. మగ్గం పోయింది, ఇల్లు పోయింది, ఆ పాడుబుద్ధి ఒక్కటీ కొడుక్కి మిగిలింది. మూడింటికి మల్లయ్య గోడవైపు వెళ్ళి, పాతిన పదడుగుల పట్టీ పెరికేశాడు.

"నీకు పిచ్చిలేసిందా అన్నా?" కమలవ్వ నెత్తి కొట్టుకుంది. "నీ నోటికాడి బువ్వ నువ్వే గుంజుకుంటున్నవ్!"

"ఎరుకే చెల్లె. నాతోని అయితలేదు." పార నాలుగంగుళాలూ సూటిగా దిగింది.

అయిదింటికి కేదార్ వచ్చాడు. పట్టీని బూటుకాలితో నొక్కాడు, వంగి లాగి చూశాడు. కదల్లేదు.

"ఏంటి మల్లయ్య గారూ, ఇంత గట్టిగానా! ఐదేళ్ల దాకా దీన్ని ఎవరూ ముట్టుకోనక్కర్లేదండీ."

మనసారా అన్న మాటే. మల్లయ్యకు సంతోషమేసింది. సంతోషపడినందుకు తన మీద తనకే అసహ్యం వేసింది. తిట్టినా బాగుండేది.

"సార్, ఇంకొక్క నెల..."

"నా చేతుల్లో ఏముందండీ," అన్నాడు కేదార్, చూపు తిప్పుకుని.

ఆదివారం పొద్దున ట్రాలీ ఆటో వచ్చింది. కుట్టుమిషన్, బట్టల మూట, రెండు బిందెలు ఎక్కాయి. బోరబండలో ఎవరిదో రేకుల గది దొరికింది. సత్తవ్వ ముందు కూర్చుంది, మల్లయ్య వెనక సామాను మధ్య ఇరుక్కున్నాడు. గేటు దాటేటప్పుడు అతను లాన్ వైపు చూడలేదు.

సోమవారం కమలవ్వ ఊడ్చుకుంటూ వచ్చి గోడవైపు మూలలో ఆగింది. నూరువరహాల కింద నాలుగు మడతల గోనెసంచి ఒకటి పడి ఉంది. మట్టి పట్టి అట్టకట్టిన దాని నడుమ, రెండు మోకాళ్ల గుంటలు.