పుట్టినరోజు డేర్

ముగ్గురం కలిసి నడిపే ప్రాంక్ ఛానల్లో డేర్ చెప్పేది జయకృష్ణ, చాటు నుంచి కెమెరా పట్టేది జోయెల్, నడిరోడ్డు మీద పరువు పోగొట్టుకునేది నేను. వాళ్ళ పుట్టినరోజులకి కేకు తెచ్చేదీ నేనే. మూడేళ్ళలో నాది ఎప్పుడని ఒక్కడూ అడిగిన పాపాన పోలేదు.

ఆ పొద్దున పటమటలో కారాపి జయకృష్ణ చెప్పాడు.

"ఒరేయ్ చక్రీ, ఇవాళ నీ పుట్టినరోజని బస్‌స్టాప్‌లో ఎవరికన్నా చెప్పి దీవెనలు తీసుకోరా. చివర్లో కెమెరా చూపించి, ఉత్తుత్తిదే అనెయ్."

నిజంగానే ఆ రోజు నా పుట్టినరోజు. వెధవలకి ఎలాగో తెలిసిందన్నమాట! డేర్ వంకతో నన్నే ఆటపట్టిస్తున్నారు, కెమెరా చూపించే వేళకి డిక్కీలోంచి కేకు తీస్తారు అనుకున్నాను. దిగేటప్పుడు డిక్కీ వంక చూశాను కూడా.

ఉయ్యూరు బస్సు కోసం ఒక పెద్దావిడ కూర్చుని ఉంది. ఒళ్ళో స్టీలు డబ్బా.

"ఇవాళ నా పుట్టినరోజండీ, దీవించండి" అంటూ కాళ్ళ మీదికి వంగాను.

ఆవిడ చటుక్కున కాళ్ళు వెనక్కి లాక్కుంది. "నాకెందుకు నాయనా దండాలు? ప్రార్థన చేస్తాలే. పేరేంటి?"

"చక్రి అండీ."

"నా పేరు దానమ్మ. ఇట్టా కూర్చో."

తల మీద చెయ్యి పెట్టి కళ్ళు మూసుకుంది. వీడు ఎక్కడున్నా వీడి కోసం ఎదురుచూసే మనిషి ఒకరుండేట్టు చూడు ప్రభువా అని అడిగింది. నాకు ఏడుపు ఆగలేదు. చెవిలో పెట్టుకున్న ఇయర్‌బడ్‌లో, కార్లోంచి జయకృష్ణ పగలబడి నవ్వుతున్నాడు.

"సూపర్ రా! ఏడుపు ఆపకు!"

దానమ్మ గారు డబ్బా మూత తీసి, సున్నుండ నా నోట్లో పెట్టింది. "మా అమ్మాయికని చేశాలే. తిను."

"ఇంక చెప్పెయ్ రా" అన్నాడు జయకృష్ణ.

జోయెల్ కారు చాటు నుంచి వస్తున్నాడు. చేతిలో కెమెరా తప్ప ఏమీ లేదు. డిక్కీ వేసినట్టే ఉంది. వాళ్ళకి నిజంగా తెలియదు. అంతమంది జనంలో అంత ఒంటరిగా ఎప్పుడూ అనిపించలేదు.

"అదుగోనండీ కెమెరా. ఉత్తుత్తిదే" అన్నాను.

ఆవిడ కెమెరా వంక చూడలేదు. "అయితే ఇవాళ కాదా, నాయనా?"

"కాదండీ."

"పోన్లే. చేసిన ప్రార్థన ఎక్కడికి పోద్ది? ఆ రోజొచ్చినప్పుడు నీకే పనికొస్తది" అని బస్సెక్కింది.

కారెక్కగానే జయకృష్ణ నా వీపు చరిచాడు. "అచ్చం నిజంలాగే చేశావు రా! అవునూ, ఇంతకీ నీ పుట్టినరోజెప్పుడు?"

మూడేళ్ళుగా ఆ మాట కోసమే చూశాను.

"ఇంకా ఏడాదుంది లేరా" అన్నాను.