ఎడమ డొక్కలో నొప్పి

లారీ కొండ ఎక్కుతూనే ఉంది, కానీ రోడ్డు ఎక్కడా కనిపించడం లేదు, అద్దం అవతల తెల్లగా ఏదో కదులుతోంది, అది మంచో, మబ్బో, మా ఏటూరునాగారం అడవిలో వానాకాలం పొద్దున లేచే ఆవిరో చెప్పలేను, స్టీరింగు ముందు మా అన్న జోగయ్య కూర్చుని ఉన్నాడు, చనిపోయి తొమ్మిదేళ్లయిన మా అన్న, ముప్పై నాలుగేళ్ల దగ్గరే ఆగిపోయిన మా అన్న, పక్క సీట్లో నేను ఆసుపత్రి వాళ్లిచ్చిన ఆకుపచ్చ గౌనులో, చేతికి సెలైన్ గొట్టంతో సహా కూర్చుని, అన్నను చూసిన సంబరంలో పలకరించడం కూడా మరిచిపోయి అరుస్తున్నాను.

"అన్నా, దొరికిందన్నా! నీకేమైందో దొరికింది!"

"నిమ్మళంగ చెప్పు సుగుణా, ఇది ఘాట్ రోడ్డు," అంటాడు అన్న గేరు మారుస్తూ. "నాకేమైతది? చచ్చిపోయిన, అంతే గద."

"అంతే కాదు. ఎందుకు చచ్చిపోయినవో దొరికింది."

అన్న బ్రేకు వేయడు, అయినా లారీ ఆగిపోతుంది, తలుపు తీయకుండానే ఇద్దరం కిందికి దిగి ఉన్నాం, చుట్టూ బారులు తీరిన లారీలు, వాటి మీద సన్నగా మంచు, ఈ చోటు నేనెప్పుడూ చూడలేదు, కానీ వెంటనే గుర్తుపడతాను, అన్న నాకు చివరిసారి ఫోన్ చేసింది ఇక్కడి నుంచే. కొండచరియ విరిగిపడి రోడ్డు మూసుకుపోతే, సిమెంటు లోడుతో అన్న రెండు రోజులు హిమాలయాల్లోని ఈ కనుమ మీదే చిక్కుకుపోయాడు. అప్పుడు నేను పదో తరగతి. "చెల్లె, ఎడమ డొక్కల పొడుస్తున్నది, భుజం దాక గుంజుతున్నది, ఊపిరి తీస్తె ఇంకింత ఎక్కువైతున్నది" అన్నాడు. నేను నవ్వి, "గ్యాసై ఉంటది, సోడా తాగు" అన్నాను. మా ఇద్దరి మధ్య అదే ఆఖరు మాట.

నాలుగో రోజు ఓనరు మనిషి పెట్టెలో అన్నను తీసుకొచ్చాడు. బండి మీద మస్తుగా తాగి పోయాడని, సీటు కింద సోడా సీసా దొరికిందని, ఊరందరి ముందు చెప్పాడు. మా కోయగూడెంలో ఇప్పసారా తాగడం ఎవరికీ తప్పు కాదు, కానీ బండెక్కితే చుక్క ముట్టనని అన్న మా అవ్వ చేతిలో చెయ్యి వేసి చెప్పి ఉన్నాడు. కొడుకు పోయిన దుఃఖం ఒకటి, కొడుకు మాట తప్పాడన్న దుఃఖం ఒకటి, ఆ రెండో దాన్ని అవ్వ ఎవరితోనూ పంచుకోలేదు. తొమ్మిదేళ్లుగా గడప దాటి అన్న పేరు ఎత్తలేదు. సోడా తాగమన్నది నేనేనని నేను అవ్వకు చెప్పలేదు. చెబితే మాత్రం ఏమవుతుంది, అన్న అందులో ఏం కలుపుకున్నాడో నాకేం తెలుసు అనుకున్నాను. నిజం చెప్పాలంటే నేను కూడా నమ్మాను.

ఇదంతా నేను నోరు తెరిచి చెప్పలేదు, కానీ అన్న విన్నట్టే తల ఊపుతున్నాడు.

"నువ్వు సుత నమ్మినవా?"

"నమ్మిన అన్నా."

అన్న కోపగించుకుంటే బాగుండును. కోపం లేదు, లారీ టైరును కాలితో తట్టి చూస్తూ, "మరి ఇప్పుడేం దొరికింది, చెప్పు" అంటాడు.

నాకు మళ్లీ ఉత్సాహం ముంచుకొస్తుంది. గురుకులంలో ఆటల టీచరునయ్యానని, పిల్లలను పర్వతారోహణకు తయారు చేయడానికి ముందు మమ్మల్ని శిక్షణకు హిమాలయాలకు పంపారని, నాలుగు రోజుల కింద పదహారు వేల అడుగుల మీద గుడారంలో ఉన్నట్టుండి నాకు ఎడమ డొక్కలో కత్తి దిగినట్టయిందని, భుజం దాకా గుంజిందని, వాంతులయ్యాయని, ఒకదాని మీద ఒకటి చెప్పేస్తున్నాను.

"ఊపిరి తీస్తె ఎక్కువైందా?" అంటాడు అన్న, కళ్లు పెద్దవి చేసి.

"అయింది!"

"గదే నొప్పి!"

"అదే! పంటి కింద గుడారం తాడు కరిచి పట్టుకొని నీ మాటలే గుర్తు చేసుకున్న. గ్యాసని ఎవరన్న నవ్వితే కొట్టేదాన్ని. కానీ మా గైడు నవ్వలే, గంటలోపల ఆక్సిజన్ పెట్టి కిందికి మోసుకొచ్చిండు."

లారీ ముందు అద్దం నల్లగా మారుతోంది, వైపర్లు ఒకసారి అటూ ఇటూ కదలగానే అందులో నా కడుపు కనిపిస్తుంది, మొన్న స్కానింగు గదిలో డాక్టరమ్మ చూపించిన అదే బొమ్మ. పక్కటెముకల కింద, ఎడమ వైపు, గుప్పెడంత బూడిద రంగు ముద్ద, దాని అంచున పుచ్చకాయ ముక్క కోసి తీసినట్టు నల్లటి చోటు.

"ఇదేంది?" అంటాడు అన్న అద్దానికి మొహం ఆనించి.

"ప్లీహం. చలిజ్వరాలప్పుడు పిల్లల కడుపుల బల్ల పెరిగిందంటరు చూడు, ఆ బల్ల. ఆ నల్లగున్న కాడికి రక్తం పోలేదు, అందుకే అంతమేరకు చచ్చిపోయింది."

"రక్తం ఎందుకు పోలే?"

డాక్టరమ్మ చెప్పింది చెప్పినట్టు చెబుతాను. మన రక్తంలో కణాలు గుండ్రంగా, మెత్తగా ఉంటాయి, ఎంత సన్న దారిలోనైనా జారిపోతాయి. కొందరికి, నాలాంటి వాళ్లకు, సికిల్ సెల్ గుణం పుట్టుకతోనే ఉంటుంది. అది అమ్మా నాన్నా ఇద్దరి నుంచీ వస్తే జబ్బు. ఒక్కరి నుంచే వస్తే మనిషి మామూలుగానే ఉంటాడు, బరువులు మోస్తాడు, పరుగెత్తుతాడు, తనకు అది ఉందని కూడా తెలియదు. కానీ గాలి పలచబడ్డ ఎత్తులో, ఆక్సిజన్ చాలక, ఆ కణాలు కొడవళ్లలాగా వంగి గట్టిపడొచ్చు, ప్లీహంలోని సన్న దారుల్లో ఒకదానికొకటి చిక్కుకుని నిలిచిపోవచ్చు.

అన్న వెనక్కి తిరిగి, కదలకుండా నిలిచిన లారీల బారును చూస్తాడు, ఆయనలోని డ్రైవరు ఒక్కసారిగా మేలుకున్నట్టున్నాడు.

"జాం అయిందన్నట్టు! ముందట ఒక బండి అడ్డం తిరిగితే ఎనకున్నయన్ని నిలవడతయి, అవతలి ఊర్లకు బియ్యం పోవు, నూనె పోదు."

"అంతే అన్నా, అంతే! వెంటనే కిందికి దిగి, ఆక్సిజన్ పెట్టి, నీళ్లెక్కిస్తే శానామందికి నయమైతది, నాకు అయితున్నది. నువ్వు రెండు రోజులు దిగలేకపోయినవ్."

"జాంల చిక్కుకుంటి గద," అంటాడు అన్న నెమ్మదిగా. "లోపల సుత, బయట సుత."

మంచు కురుస్తోంది, మీద పడుతుంటే మాత్రం చలి లేదు, ఇప్పపూలు రాలుతున్నట్టు వెచ్చగా ఉంది.

"నా సంగతి నీకెట్ల తెలిసింది?" అంటాడు అన్న. "నన్నెవరు స్కాన్ చేసిన్రు?"

అప్పుడు నేను గౌను జేబులోంచి కాగితం తీస్తాను, గౌనుకు జేబు లేదు, అయినా కాగితం వచ్చింది. పోస్టుమార్టం కాగితం. ఇంగ్లీషులో ఉందని ఎవరూ చదవకుండా తొమ్మిదేళ్లు ట్రంకు పెట్టెలో పడి ఉన్నది. పదో తరగతిలో నేను ఒకసారి విప్పి చూశాను, ఆ పేర్లేవీ అర్థంకాక మడిచి పెట్టేశాను. ఇవాళ పొద్దున అన్న కూతురు రజిత దాన్ని వెతికి ఫోటో తీసి పంపితే, డాక్టరమ్మ నా మంచం పక్కన నిలబడే చదివింది. ప్లీహంలో ఒక భాగం చచ్చిపోయి, ఆ తర్వాత పగిలింది, కడుపు నిండా రక్తం. రక్తంలో సారా ఆనవాలు లేదు. ఆ వాక్యం ఆమె రెండుసార్లు చదివింది, మూడోసారి నేనే చదివించుకున్నాను.

"ఇంత స్పష్టంగా రాసి పెట్టిన్రా?" అంటాడు అన్న, కాగితాన్ని వెలుతురుకు పట్టి. "నన్ను కోసినాయన మంచోడే."

"సోడా తాగమన్నది నేనే అన్నా. దాంతోనే నీకు చెడ్డపేరు వచ్చింది."

"సోడా సల్లగుండె," అంటాడు అన్న. "గొంతు ఎండిపోయి ఉంటి, మంచిగనిపించింది. నువ్వు చెప్పినవని సీసా పారెయ్యలే, సీటు కింద పెట్టుకున్న."

నాకు ఏడుపొస్తుంది, అది కూడా సంతోషపు ఏడుపే.

ఇంతలో అన్న మొహం మారుతుంది. "మరి నా బిడ్డ?"

"మా గురుకులం పిల్లలతోని వచ్చే వారం రెండో బ్యాచిల రావాలె. రజిత నాకంటే బాగెక్కుతది అన్నా, చూడాలె నువ్వు."

"వద్దు, ఆపు!"

"ఆపిన. రక్తపరీక్ష అయినంకనే ఏదన్నా అని డాక్టరమ్మ చెప్పింది. ఉంటే ఎంత ఎత్తు దాకా పోవచ్చో వాళ్లే చెప్తరు, లేకుంటే భయమే లేదు."

అన్న చూస్తుండగానే లారీలన్నీ ఒకటొకటిగా మాయమై మళ్లీ వచ్చాయి. "తెల్వక ఎక్కితి నేను," అంటాడు చివరికి. "నా బిడ్డ తెలుసుకొని ఎక్కనీ."

తర్వాత టైరు మీద కాలు పెట్టి, తాడు పట్టుకుని, చిన్నప్పుడు నన్ను వీపున వేసుకుని చెట్టెక్కినంత వేగంగా లారీ మీదికి ఎక్కిపోయాడు, సిమెంటు బస్తాల మీద నిలబడి, రెండు చేతులూ నోటి చుట్టూ పెట్టుకుని కొండల మీదికి కేక వేస్తున్నాడు.

"నేను తాగలేదూ! అవ్వా, నేను తాగలేదూ!"

బారులోని లారీలన్నీ హారన్లు కొడుతున్నాయి, నేనూ కింద ఎగురుతున్నాను, డొక్కలో నొప్పి లేదు, అవతల ఎక్కడో రోడ్డు తెరుచుకున్నట్టుంది, ముందున్న బండి కదిలింది, దాని వెనకది కదిలింది, అన్న మాత్రం కేక వేస్తూనే ఉన్నాడు.

కళ్లు తెరిచేసరికి కిటికీలో ఇంకా ఎండ ఉంది. నొప్పి తగ్గడానికిచ్చిన ఇంజెక్షన్ మత్తులో రెండు గంటలు నిద్రపోయానని నర్సు చెప్పింది. డాక్టరమ్మ కాగితం చదివిన వెంటనే అవ్వకు ఫోన్ చేద్దామనుకుని, ఫోన్ చేతిలో పట్టుకునే నిద్రలోకి జారిపోయానట. అది ఇంకా చేతిలోనే ఉంది. చేశాను.

"అవ్వా, అన్న తాగలేదే. కాగితంల రాసి ఉంది, డాక్టరమ్మ చదివింది. మనోడు మాట తప్పలే."

అవ్వ ఫోన్ చేత్తో పట్టుకునే లేచినట్టుంది, తలుపు చప్పుడైంది, కోళ్లు చెదిరిన చప్పుడైంది, నన్ను పూర్తిగా మరిచిపోయి, నడివీధిలో నిలబడి, తొమ్మిదేళ్లకు మా అవ్వ కేక వేసింది.

"ఓ మల్లక్కా! ఓ సమ్మక్కా! ఇటు రాండ్రే! మా జోగడు తాగలేదంట! నా కొడుకు తాగలేదంట!"